అసలు ఎంత? – ఇంటి అప్పు గురించి కొన్ని మాటలు

(సంఘ వార్షిక సభలో చేసిన ప్రసంగ పాఠము)



ప్రతి ఏడాదీ ఈ సభలో మమ్మల్ని విద్య గురించి మాట్లాడమంటారు. మేము మాట్లాడుతాము, మీరు వింటారు, తరువాత బిర్యానీ తిని ఇళ్ళకు పోతాము. ఈసారి ఇంటి అప్పు గురించి మాట్లాడతామని కార్యదర్శిగారితో అంటే ఆయన కాసేపు మా ముఖం వంక చూచి, "మాస్టర్ సాబ్, మసీదు పక్కన నిలబడి వడ్డీ గురించా?" అన్నారు. అవును, వడ్డీ గురించే. తప్పు అయితే మన్నించండి, కాని చివరిదాకా వినండి.

మేము ఉర్దూ మీడియం బడిలో లెక్కలు చెప్పుకొని బ్రతుకుచున్నవారము. మా తెలుగులో ఉర్దూ వాసన తగులుతుందని తోటి టీచర్లు ఎగతాళి చేస్తారు. అయితే ఈ ఒక్క విషయములో ఆ బాధ లేదు. అప్పుకు సంబంధించిన తెలుగు మాటలు చాలావరకు మన వైపు నుంచి వచ్చినవే. వాయిదా, బాకీ, వసూలు, కిస్తు, జామీను, దస్తావేజు, ఇవన్నీ మనవే. 'అసలు' కూడా మనదే. మా పిల్లలకు బోర్డు మీద 'అసల్' అని వ్రాస్తాము, తెలుగు మీడియం బడిలో 'అసలు' అని వ్రాస్తారు. అదే అసలుకు తెలుగులో 'నిజము' అనే అర్థము కూడా ఉన్నది. అప్పు తీసుకునేటప్పుడు మనము అడగవలసిన ప్రశ్న ఆ రెండో అర్థములో ఉన్నదని మా మనవి.

పోయిన శీతాకాలములో మా వీధిలో ఉండే తాపీ మేస్త్రీ ఒకాయన మా ఇంటికి వచ్చినాడు. చేతిలో బ్యాంకు కాగితము. ఊరందరికీ ఇళ్ళు కట్టి, తాను మాత్రము రేకుల షెడ్డులో ఉండే మనిషి. ఇరవై లక్షల అప్పు ఇస్తామన్నారట, ఇరవై ఏళ్ళు గడువు, తొమ్మిది శాతం వడ్డీ, నెలకు పద్దెనిమిది వేలు కిస్తు. "ఏంది మాస్టర్ సాబ్, ముప్పావలా వడ్డీయేగా! మిరపచేలకు రెండు రూపాయల వడ్డీకి తెచ్చే ఊళ్ళో ముప్పావలాకు దొరికితే వదులుకుంటామా?" అన్నాడు.

ఇక్కడ కూర్చున్నవారిలో ఈ లెక్క తెలియనివారు లేరు. నూటికి నెలకు ముప్పావలా అంటే ఏడాదికి తొమ్మిది శాతం. రూపాయి అంటే పన్నెండు, రెండు రూపాయలంటే ఇరవై నాలుగు. మేస్త్రీ లెక్క తప్పు కాదు. బ్యాంకు కాగితములోనూ తప్పు లేదు. కాని మన ఊరి ముప్పావలా వడ్డీ ఒక కారుకో, రెండు కార్లకో తెచ్చేది. మిర్చి యార్డుకు పోయి బస్తాలు అమ్మి, ప్రోనోటు చింపించుకొని వస్తాము. వడ్డీ పెద్దదైనా కాలము చిన్నది. బ్యాంకు ముప్పావలా ఇరవై ఏళ్ళది. ఇవాళ పుట్టిన బిడ్డ డిగ్రీ పూర్తి చేసేవరకు అన్నమాట.

మేము పలక మీద లెక్క వేసి చూపించినాము. కిస్తు ఖచ్చితముగా 17,995 రూపాయలు. అది 240 నెలలు కట్టాలి. మొత్తము 43 లక్షల 18 వేల పైచిలుకు. తీసుకున్నది 20 లక్షలు, వడ్డీ 23 లక్షల 18 వేలు. అంటే ఒక ఇల్లు తాను కట్టుకొని, ఇంకొక ఇంటికి మించి బ్యాంకుకు కట్టి ఇచ్చినట్లు. మేస్త్రీ పలక వంక చూచి, "పలకలో ఎక్కడో పొరపాటు వచ్చింది, మళ్ళీ వేయండి" అన్నాడు. మళ్ళీ వేసినాము. అంతే వచ్చింది.

ఇది మోసమని మేము అనుట లేదు. బ్యాంకు మిగిలిన బాకీ మీద మాత్రమే వడ్డీ వేస్తుంది, కట్టిన డబ్బు మీద వేయదు. చిక్కు ఎక్కడంటే, మొదటి నెల 20 లక్షల మీద వడ్డీ 15,000. మనము కట్టిన 17,995లో ఆ పదిహేను వేలు వడ్డీకి పోగా అసలుకు జమ అయ్యేది 2,995 మాత్రమే. రెండో నెల వడ్డీ ఇరవై రెండు రూపాయలు తగ్గుతుంది. అలా చీమ నడకగా సాగుతుంది. మొదటి ఏడాది మొత్తము 2 లక్షల 16 వేలు కడితే అసలులో తగ్గేది 37 వేలు. అయిదేళ్ళు పూర్తి అయ్యేసరికి కట్టినది 10 లక్షల 80 వేలు, బాకీ ఇంకా 17 లక్షల 74 వేలు. సగము అసలు తీరేది ఎప్పుడో చెప్పమంటే మా తొమ్మిదో తరగతి పిల్లలు అందరూ 'పదో ఏట' అన్నారు. పద్నాలుగో ఏడాది పూర్తి కావాలి. పదేళ్ళకు ఇల్లు అమ్ముకోవలసి వస్తే, ఇరవై లక్షల అప్పులో ఇంకా 14 లక్షల 20 వేలు బ్యాంకుకు చెల్లించి తరువాతనే మిగిలినది మనది.

ఇప్పుడు గడువు సంగతి. అప్పు ఇచ్చేవారు, "కిస్తు బరువైతే ముప్పై ఏళ్ళు పెట్టుకోండి" అంటారు. వినడానికి దయగా ఉంటుంది. ముప్పై ఏళ్ళకు కిస్తు 16,092. తగ్గినది నెలకు 1,900. వడ్డీ మాత్రము 23 లక్షల నుంచి దాదాపు 38 లక్షలకు పోతుంది. అదే పదిహేనేళ్ళు పెట్టుకుంటే కిస్తు 20,285, అంటే 2,290 ఎక్కువ, వడ్డీ పదహారున్నర లక్షలకు దిగుతుంది. నెలకు ఎంత అని మాత్రమే అడిగేవాడికి ఈ మూడు అప్పులూ ఇంచుమించు ఒకటిగానే కనిపిస్తాయి.

ఇక మా సొంత సంగతి చెప్పక తప్పదు. మేము కూడా ఇంటి అప్పు తీసుకున్నవారమే. కొందరికి తెలుసు, తెలియనివారికి ఇప్పుడు తెలిసింది. 2021 జనవరిలో ఒక బ్యాంకులో 20 లక్షలు, ఇరవై ఏళ్ళకు, ఏడు శాతానికి. కరోనా తరువాతి రోజులు. రిజర్వు బ్యాంకు 2020 మేలో రెపో రేటును నాలుగు శాతానికి దించినది. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే మారుడు వడ్డీ ఇంటి అప్పులన్నీ ఇలాంటి బయటి రేటుకు కట్టివేయబడినవి. ఆ రేటు ఎక్కితే మన వడ్డీ ఎక్కుతుంది, దిగితే దిగుతుంది. సంతకాలు పెట్టేటప్పుడు ఈ మాట మాకు చెప్పినారు. మేము వినలేదు. ఇంటికి గుమ్మాలు టేకువా, వేపవా అని ఆలోచించుచున్నాము.

2022 మే నుంచి రేటు ఎక్కడం మొదలైంది. 2023 ఫిబ్రవరికి నాలుగు కాస్తా ఆరున్నర అయినది. మా కిస్తు మాత్రము 15,506 అలాగే ఉన్నది. జీతములో అదే కోత. మేము లెక్కల మాస్టర్లమై ఉండి కూడా అల్లా దయ వలన మనకు పెరగలేదు అనుకున్నాము! ఫోనులో ఏదో సందేశము వచ్చినది, చదవలేదు. ఒకనాడు వేరే పని మీద బ్యాంకుకు పోయి స్టేటుమెంటు తీసుకుంటే, అప్పు తీరే తేదీ మా రిటైర్మెంటు దాటి ఎంతో దూరము పోయి ఉన్నది. కిస్తు పెంచకుండా గడువు పెంచినారు.

ఆ రాత్రి కూర్చుని లెక్క వేసినాము. సులువుకు, రెండేళ్ళు ఏడు శాతంతో కట్టి, పెరుగుదల అంతా ఒక్కసారే వచ్చిందనుకోండి. రెండేళ్ళకు మిగిలిన బాకీ 19 లక్షల ఒక వెయ్యి. తొమ్మిదిన్నర శాతముతో దాని మీద నెల వడ్డీ 15,053. మేము కట్టేది 15,506. అసలుకు జమ అయ్యేది నెలకు 453 రూపాయలు. ఇరవై లక్షల ఇంటికి నెలకు నాలుగు వందల యాభై మూడు! ఆ చొప్పున బాకీ తీరడానికి ఇంకా 448 నెలలు, అంటే 37 ఏళ్ళు పడుతుంది. మా వయస్సు అప్పటికి నలభై మూడు.

మా ఇంట్లోవాళ్ళు ఈ లెక్క అంతా విని మాట్లాడలేదు. మర్నాడు పొద్దున నమాజు అయినాక నాలుగు బంగారు గాజులు తెచ్చి పుస్తకం మీద పెట్టినారు. నికాహ్ నాటి గాజులు. వద్దంటే, "లాకర్లో ఉన్న గాజులు పిల్లలను కనవు, మీ అప్పు కంటున్నది" అన్నారు. మేము చెప్పిన కొన్ని వందల లెక్కల పాఠాలలో ఇంత స్పష్టముగా చక్రవడ్డీని ఎన్నడూ చెప్పలేకపోయినాము.

కిస్తు 18,404కు పెంచమని అర్జీ పెట్టినాము. అలా అయితే మొదటి గడువులోనే తీరుతుంది. గాజులు అమ్మిన రెండు లక్షలు ఒకేసారి అసలులో జమ చేయించినాము. ఆ రెండు లక్షల వలన 216 నెలల మిగులు గడువు 167 నెలలకు దిగింది. నాలుగేళ్ళు తగ్గినవి. వడ్డీలో ఏడు లక్షల దాకా మిగులు. 2025 ఫిబ్రవరి నుంచి డిసెంబరు దాకా రెపో రేటు ఆరున్నర నుంచి అయిదుంబావుకు దిగినప్పుడు కిస్తు తగ్గించమంటారా అని అడిగినారు. వద్దు, గడువే తగ్గించండి అన్నాము.

ఈ కష్టము మా ఒక్కరిదే కాదు గనుక రిజర్వు బ్యాంకు 2023 ఆగస్టు 18న ఒక ఆజ్ఞ ఇచ్చినది. వడ్డీ మారినప్పుడు కిస్తు పెంచాలా, గడువు పెంచాలా, రెండూ కొంత కొంత పెంచాలా అన్నది అప్పు తీసుకున్నవాడినే అడగాలి. వడ్డీకి కూడా చాలనంతగా కిస్తును ఉంచి గడువు సాగదీయకూడదు. ఎంత అసలు, ఎంత వడ్డీ వసూలైనది, ఇంకా ఎన్ని కిస్తులు ఉన్నవి అన్న లెక్క మూడు నెలలకొకసారి ఇవ్వాలి. దానికి ముందే, 2012లో, మారుడు వడ్డీ మీద వ్యక్తులు తీసుకున్న ఇంటి అప్పును ముందుగా తీర్చితే బ్యాంకు జుర్మానా వేయకూడదని చెప్పినది. ఈ రెండో సంగతి మన వాళ్ళలో పదిమందికి తొమ్మిదిమందికి తెలియదు. ముందుగా కడితే పట్టుకుంటారని భయపడి డబ్బు చేతిలో పెట్టుకొని, ఏదో ఒక పెళ్ళికి ఖర్చు పెడతారు.

2024 అక్టోబరు 1 నుంచి 'కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్' అనే కాగితము అప్పుకు ముందే ఇవ్వాలి. అందులో ఫీజులన్నీ కలిపిన అసలైన వడ్డీ రేటు, కిస్తుల పట్టిక ఉంటాయి. మనకు అర్థమయ్యే భాషలో ఇవ్వాలని కూడా ఉన్నది. తెలుగులో అడగండి. ఉర్దూలో అడిగితే ఏమి చేస్తారో చూడాలని మాకు సరదాగా ఉన్నది, ఎవరైనా ప్రయత్నించి చెప్పండి.

ఆ కాగితములో ఇన్సూరెన్సు అనే పంక్తి దగ్గర ఆగండి. ఇల్లు కట్టినాయన పోతే అప్పు పెళ్ళాంపిల్లల మీద పడకుండా ఇన్సూరెన్సు ఉండటము మంచిదే. కాని అరవై వేల ప్రీమియం అప్పులోనే కలిపితే, అది నెలకు 540 చొప్పున ఇరవై ఏళ్ళలో లక్షా ముప్పై వేలు అవుతుంది. విడిగా కట్టుకోగలిగితే విడిగా కట్టండి. పన్ను లాభము ఉంటుందని మా తోటి టీచర్లు అంటారు. సొంతానికి ఉండే ఇంటి వడ్డీకి ఆ మినహాయింపు పాత పన్ను విధానము వారికే, కొత్త విధానములో లేదు.

జీతగాడికి కిస్తు బాధ ఒక రకం, మన మేస్త్రీకి ఇంకొక రకం. కిస్తు ప్రతి నెలా అయిదో తారీఖున వస్తుంది. మన డబ్బు అలా రాదు. మిర్చి డబ్బు వేసవిలో, పత్తి డబ్బు చలికాలములో వస్తుంది. వానాకాలములో తాపీ పని ఉండదు. పిడుగురాళ్ళ సున్నం బట్టీలకు పోయేవారికి బట్టీ ఆగితే కూలీ ఆగుతుంది. మూడు నెలల పాటు బాకీ కట్టకపోతే ఆ అప్పు మొండిబాకీ లెక్కలోకి పోతుంది. ఆ పైన 2002 నాటి సర్ఫేసీ చట్టము ప్రకారము అరవై రోజుల నోటీసు ఇచ్చి, దావా వేయకుండానే ఇంటిని స్వాధీనపరచుకొను అధికారము బ్యాంకుకు ఉన్నది. గనుక కిస్తు ఎంత కట్టగలము అన్నది మంచి నెలను చూచి కాదు, శ్రావణ భాద్రపదాలను చూచి చెప్పాలి. తక్కువ కిస్తు పెట్టుకొని, మిర్చి అమ్మిన నెలలో వచ్చినంత అసలులో వేయటము మన ప్రాంతానికి కుదిరే పద్ధతి. నెలకు రెండు వేలు అదనముగా వేసినా మేస్త్రీ లెక్కలో ఇరవై ఏళ్ళు పదిహేనున్నరకు దిగి, ఆరు లక్షలు మిగులుతుంది.

కాగితాల సంగతి ఒకటి. మన రాష్ట్రములో 1983 నుంచి 2011 వరకు గృహనిర్మాణ సంస్థ ద్వారా లక్షలాది పేదలు పక్కా ఇళ్ళకు అప్పు తీసుకున్నారు. కొద్ది మొత్తము గదా అని చాలామంది పట్టించుకోలేదు. అసలు, వడ్డీ పెరిగి, ఇల్లు తనఖాలోనే ఉండిపోయింది. ఉండటానికి ఇల్లు ఉన్నది, అమ్మటానికి, బ్యాంకులో పెట్టటానికి లేదు. చివరికి 2021 డిసెంబరులో ప్రభుత్వము ఒకేసారి పరిష్కారము అని పథకము పెట్టి, గ్రామాలలో పది వేలు, మునిసిపాలిటీలలో పదిహేను వేలు, కార్పొరేషన్లలో ఇరవై వేలు కట్టినవారికి బాకీ కొట్టివేసి రిజిస్ట్రేషన్ చేయించినది. కట్టాలా వద్దా అని అప్పట్లో ఎంత రభస జరిగిందో మీకు గుర్తే. మేము రాజకీయము మాట్లాడము. ముప్పై ఏళ్ళు ఒకడి ఇల్లు ఒకడిది కాకుండా పోయిన ఖర్చును ఏ కిస్తు పుస్తకములోనూ వ్రాయరన్నది మాత్రము చూడండి. బ్యాంకు అప్పు తీరినవారు కూడా దస్తావేజులు వెంటనే తెచ్చుకోవాలి. 2023 డిసెంబరు నుంచి ముప్పై రోజులలోగా ఇవ్వకపోతే బ్యాంకు రోజుకు అయిదు వేల చొప్పున మనకు చెల్లించాలి.

ఇక పెద్దలు అడుగుతారని మాకు తెలిసిన ప్రశ్న. "మీరు సూద్ మీద అప్పు తీసుకొని, మాకు వచ్చి చెప్పుటయా?" దానికి మా దగ్గర సమర్థన లేదు. ధర్మము చెప్పుట ఆలిములు చేయవలసిన పని, మేము లెక్క చెప్పేవారము. మాకు కనపడిన దారులు మాత్రము చెబుతాము. 2008లో రఘురాం రాజన్ కమిటీ వడ్డీ లేని బ్యాంకింగు మన దేశములోనూ ఉండాలని సిఫారసు చేసినది. 2017లో రిజర్వు బ్యాంకు ఆ ఆలోచనను ముందుకు తీసుకుపోబోమని చెప్పినది. హైదరాబాదులో 1966 నుంచి ఉన్న తూర్ బైతుల్‌మాల్ వంటివి వడ్డీ లేకుండా అప్పులు ఇస్తున్నవి, కాని చిన్న మొత్తాలు, ఇల్లు కట్టేంత కాదు. బ్రిటన్‌లో బ్యాంకు, మనిషి కలిసి ఇల్లు కొని, మనిషి అద్దె కడుతూ బ్యాంకు వాటాను క్రమంగా కొనుక్కునే పద్ధతి ఉన్నది. అందులో ఇల్లు రెండుసార్లు చేతులు మారినా స్టాంపు సుంకము ఒక్కసారే పడేలా 2003లో చట్టము మార్చినారు. మంచిదే. కాని అక్కడ కూడా అద్దె, వాటా కలిపి మొత్తము ఎంత అని అడగవలసిందే. పేరు మారినంత మాత్రాన మొత్తము తగ్గదు.

ఒక్క మాట మాత్రము గట్టిగా అంటాము. బ్యాంకు వడ్డీ హరామని చెప్పి, రెండు రూపాయల వడ్డీకి ప్రోనోటు వ్రాసేవారు మనలో ఉన్నారు. ఇరవై లక్షలకు అది నెలకు నలభై వేలు, అసలు అక్కడే ఉంటుంది. ఇంటికి స్వాధీన తనఖా వ్రాసి, అదే ఇంట్లో అద్దె కడుతూ ఉండేవారూ ఉన్నారు. అది సూద్ కాదని ఎవరిని నమ్మించడానికో మాకు అర్థము కాదు.

మేస్త్రీ ఏమి చేసినాడో చెప్పి ఆపుతాము. నెల రోజులు ఆలోచించినాడు. రెండంతస్తులు అనుకున్నవాడు ఒక అంతస్తుకు దిగినాడు. ఇరవై లక్షలు కాదు, పన్నెండు. ఇరవై ఏళ్ళు కాదు, పన్నెండేళ్ళు. కిస్తు 13,656, వడ్డీ మొత్తము 7 లక్షల 66 వేలు. పని తనదే గనుక కూలీ కొంత మిగిలింది. స్లాబు పోసి, పైన స్తంభాలకు చువ్వలు అలాగే నిలబెట్టి వదిలినాడు. దారిన పోయేవారు "ఏందయ్యా, మేస్త్రీవి, నీ ఇల్లే సగములో ఆపావు?" అంటే, "పై సగం మా వాడు కడతాడులే, వాడి అప్పుతో" అంటున్నాడట. ఆ కుర్రవాడు మా దగ్గర ఎనిమిదో తరగతి. లెక్కలలో ఫరవాలేదు.

సంఘము వారు ఒప్పుకున్నారు. ప్రతి ఆదివారము జుహర్ తరువాత మా బడి వరండాలో కూర్చుంటాము. ఇంటి అప్పు తీసుకున్నవారు, తీసుకోబోయేవారు బ్యాంకు కాగితాలు తీసుకొని రండి. పాసుబుక్కు కాదు, కిస్తుల పట్టిక, వడ్డీ ఏ రేటుకు కట్టబడి ఉన్నదో వ్రాసిన పేజీ తెండి. ఆడవాళ్ళు కూడా రావాలి, సంతకం మీది కూడా ఉంటుంది. కళ్ళజోడు మరువకండి, ఆ అక్షరాలు చాలా చిన్నవి.